తెలుస్తోందా అత్తయ్యా?

సంక్రాంతికి నాలుగు రోజుల ముందు సంగతి. చలి బాగా ఉందని మా అత్తయ్యగారు రాత్రి కాళ్ళ దగ్గర వేడినీళ్ళ బ్యాగు పెట్టుకుని పడుకున్నారు. పొద్దున్నే దుప్పటి మడతపెడుతుంటే పక్కమీద తడి కనిపించింది. బ్యాగు కారిందేమో అనుకున్నాను. కాదు. ఆవిడ ఎడమ అరికాలి మీద రూపాయి బిళ్ళంత బొబ్బ లేచి, చితికిపోయి ఉంది. "ఇంత కాలితే నన్ను లేపలేదేం అత్తయ్యా?" అన్నాను. ఆవిడ నాకంటే ఎక్కువ ఆశ్చర్యపోయారు. "కాలిందా? నాకేం తెలియలేదే!"

అత్తయ్యకి ఇరవై రెండేళ్ళుగా షుగరు. కాళ్ళు తిమ్మిరెక్కుతున్నాయని అంటూనే ఉన్నారు, మేమే వయసు కదా అని సరిపెట్టుకున్నాం. కట్టు కట్టిద్దామని వెళితే డాక్టరుగారు పుల్లకి బిగించిన సన్నటి నైలాన్ పోగు ఒకటి తీశారు. చూడ్డానికి గేలం దారంలా ఉంది. దాన్ని అరికాలికి ఆనించి, కొద్దిగా వంగేదాకా నొక్కి, "తెలుస్తోందా అమ్మా?" అన్నారు. అత్తయ్య ఆయన చేతినే చూస్తూ "ఆఁ, తెలుస్తోంది" అన్నారు. ఆయన నవ్వి కళ్ళు మూసుకోమన్నారు. బొటనవేలు, మడమ, పాదం అంచు... ఒక్కొక్కచోటే తాకుతూ పోయారు. నేను పక్కన నిలబడి చూస్తున్నాను. ఆరేడు చోట్ల అయ్యాక అత్తయ్య కళ్ళు మూసుకునే అడిగారు, "ఇంకా మొదలుపెట్టలేదా బాబూ?"

నాకు గొంతులో ఏదో అడ్డం పడ్డట్టయింది. చెప్పులు లేకుండా ఇంట్లో కూడా తిరగొద్దన్నారు. రోజూ రాత్రి ఎవరో ఒకరు అరికాళ్ళు చూడాలన్నారు. స్నానం నీళ్ళు ఆవిడ కాలితో కాదు, ఇంకొకరు చేత్తో చూసి పొయ్యాలన్నారు. ఇంకెవరు, నేనే.

ఆ మర్నాడే మా చిన్నమ్మాయి పండగకి దిగింది. ఎంటెక్ ఆఖరి సంవత్సరం. రాగానే నానమ్మ కాలు చూసి, కట్టు విప్పించి, తిరగేసి మరగేసి చూసింది. డాక్టరుగారు ఏ దారంతో చూశారు, ఎన్నిచోట్ల చూశారు అని నన్ను అడిగింది. ఏదో రాసుకుంది. ఈ పిల్లకి పండక్కి కొన్న చీర చూపించాలని నేను, దానికేమో కాలి కబుర్లు.

ఇక్కడ నా తప్పొకటి చెప్పాలి, చెప్పకపోతే మిగతాది మీకు అర్థం కాదు. డిసెంబరులోనే దానికి హైదరాబాదులో ఉద్యోగం వచ్చింది, ఏడాదికి పన్నెండు లక్షలు. అదేమో బెంగళూరులో పీహెచ్‌డీ చేస్తానని అప్పటికి ఆరు నెలలుగా అంటోంది. మావారి రిటైర్మెంటు ఇంకా మూడేళ్ళే. పెద్దమ్మాయి పెళ్ళికి చేసిన అప్పు ఇంకా తీరలేదు. ఇంతలో మా పిన్ని ఒక సంబంధం తెచ్చింది. అబ్బాయిదీ హైదరాబాదే, మంచి కుటుంబం. వాళ్ళు ఫోన్లో "అమ్మాయికి పైచదువుల ఆలోచన ఏమన్నా ఉందా?" అని అడిగితే, "అబ్బే, అలాంటిదేం లేదండీ, ఉద్యోగంలో చేరిపోతుంది" అనేశాను. నోరు తిరగలేదనుకోకండి, బాగానే తిరిగింది.

భోగి రోజు ఆ అబ్బాయి తల్లి శుభాకాంక్షలు చెప్పడానికి ఫోన్ చేసి, మాటల్లో ఆ సంగతి అమ్మాయితోనే అన్నారు. అది వంటింట్లోకి వచ్చింది. అరిచి ఉంటే బాగుండేది. "నన్ను అడక్కుండా చెప్పేశావా అమ్మా?" అంది, అంతే. ఆ రోజంతా నాతో మాట్లాడలేదు. నేనూ బిగుసుకుని కూర్చున్నాను. ఇద్దరి మధ్యా కబుర్లు మోసింది అత్తయ్యే. "అమ్మాయ్, మీ అమ్మ కాఫీ తాగుతావా అని అడుగుతోంది." "తాగనని చెప్పు నానమ్మా."

మా మౌనం విరిగింది అరిసెల దగ్గర. ఆ రాత్రి బెల్లం పాకం పడుతున్నాను. పిండి తను కలుపుతానని వచ్చి పక్కన కూర్చుంది. పళ్ళెంలో నీళ్ళు పోసి, రెండు చుక్కల పాకం వేసి, వేలితో ఉండ చేసి చూస్తున్నాను. "ఇప్పుడే కాదు, ఇంకొంచెం" అన్నాను గాలిలోకి. "అమ్మా, నీ వేలికి ఎలా తెలిసింది?" అంది. "ఏముంది, మెత్తగా జారిపోతోంది. ఇంకొంచెం ముదరాలి." "అదే కదా నేను చదువుదామనుకుంటున్నది. వేలికి ఎలా తెలుస్తుందో, తెలియనివాళ్ళకి ఎలా తెలియజెయ్యాలో. నీకొకావిడ గురించి చెప్తాను. అంతా విని అప్పుడు వద్దను."

ఆవిడ పేరు జెనాన్ బావ్. అమెరికాలో స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయంలో కెమికల్ ఇంజనీరింగ్ ప్రొఫెసరు. పక్క గదిలోంచి అత్తయ్య "ఎవరి బావ?" అన్నారు. "బావ కాదు నానమ్మా, బావ్. చైనావాళ్ళ ఇంటిపేరు." "ఆడపిల్లకి బావ ఇంటిపేరేమిటే!" అని ఆవిడ కర్ర పట్టుకుని, చెప్పులేసుకుని వచ్చి పీట మీద కూర్చున్నారు. ఆ రాత్రి నుంచి కనుమ దాకా ఆవిడ కథే మా ఇంట్లో సీరియలు. అత్తయ్య ఆవిడని 'బావగారమ్మ' అనడం మొదలుపెట్టారు.

బావగారమ్మ 1970లో చైనాలోని నాన్‌జింగ్‌లో పుట్టింది. తల్లీ తండ్రీ ఇద్దరూ సైన్సు వాళ్ళే. 1987లో అక్కడి విశ్వవిద్యాలయంలో కెమిస్ట్రీలో చేరింది. డిగ్రీ పూర్తికాకముందే, 1990లో, అమెరికా వచ్చేసింది. షికాగో విశ్వవిద్యాలయంలో 1995కల్లా పీహెచ్‌డీ అయిపోయింది. అంటే పాతికేళ్ళకి. "చూశావా, ఆవిడ పాతికేళ్ళకే ముగించింది. నువ్వు పాతికేళ్ళకి మొదలుపెడతానంటున్నావు" అన్నాను. ఆ మాట అననా మాననా అనుకుంటూనే అనేశాను. అది పట్టించుకోలేదు.

తరవాత తొమ్మిదేళ్ళు బెల్ ల్యాబ్స్‌లో ఉద్యోగం. ట్రాన్సిస్టర్ పుట్టిన చోటట అది. అక్కడ ఆవిడ పని ప్లాస్టిక్‌తో ట్రాన్సిస్టర్లు చెయ్యడం. నాకు అక్కడే ఆగిపోయింది. ప్లాస్టిక్‌లోంచి కరెంటు పోదు కదా, అందుకే కదా వైర్లకి ప్లాస్టిక్ తొడుగు వేసేది? "మామూలు ప్లాస్టిక్‌లో పోదు. కానీ కొన్నిరకాల పాలిమర్లలో పోతుందని కనిపెట్టినందుకు 2000లో ముగ్గురికి నోబెల్ ఇచ్చారు" అంది. మరి ప్లాస్టిక్కే ఎందుకు, ఫోన్లన్నీ సిలికాన్‌తో బాగానే నడుస్తున్నాయి కదా అన్నాను. అది లేచి డబ్బాలోంచి వేయించిన అప్పడం ఒకటి, మధ్యాహ్నం మిగిలిన చపాతీ ఒకటి తెచ్చింది. "సిలికాన్ ఇలాంటిది" అని అప్పడం వంచింది. టప్‌మని విరిగింది. "మన ఒళ్ళు ఇలాంటిది" అని చపాతీని వేలికి చుట్టింది. "మోచెయ్యి వంచినప్పుడల్లా చర్మం సాగుతుంది, ముడుచుకుంటుంది. అప్పడాన్ని దాని మీద అతికించి బతికించలేం కదా." విరిగిన అప్పడం అత్తయ్య తినేశారు.

2001లో బెల్ ల్యాబ్స్ వాళ్ళు, వాళ్ళలో ఈవిడా ఒకరు, కాగితంలా వంగే తెరని చేసి చూపించారు. వెనకాల ఉన్న సర్క్యూట్లని రబ్బరు స్టాంపుతో అచ్చు గుద్దినట్టు తయారుచేశారట. పోస్టాఫీసు ముద్ర లాగా అన్నమాట. అది నాకు వెంటనే అర్థమైంది.

"ఇంత చక్కగా సాగిపోయిందా? ఏ కష్టమూ రాలేదా ఆవిడకి?" అని అడిగాను. ఎవరి కథ విన్నా నాకదే కావాలి. అమ్మాయి కాసేపు పిండి కలపడం ఆపి చెప్పింది. బెల్ ల్యాబ్స్‌లోనే యాన్ హెండ్రిక్ షోన్ అని ఒక యువ శాస్త్రవేత్త ఉండేవాడు. నెలకో అద్భుతం కనిపెట్టినట్టు పేపర్లు ప్రచురించేవాడు. చివరికి చూస్తే లెక్కలు కల్పించాడు. 2002లో విచారణ జరిగింది. 24 ఆరోపణల్లో 16 నిజమని తేల్చారు. ఆ పేపర్లలో కొన్నింటి మీద తోటి రచయితగా ఈవిడ పేరు కూడా ఉంది. తప్పు అతనొక్కడిదేననీ, పక్కన పేరున్న వాళ్ళెవరూ మోసం చెయ్యలేదనీ కమిటీ స్పష్టంగా చెప్పింది. పేపర్లు మాత్రం వెనక్కి తీసుకున్నారు.

నేను పొయ్యి సిమ్‌లో పెట్టాను. చెయ్యని తప్పు పక్కన మన పేరు అచ్చయి ఉండడం ఎలాంటిదో, ఉమ్మడి కుటుంబంలో కోడలిగా వచ్చినదానికి ఒకరు చెప్పాలా? నేనైతే ఆ పనే మానేసి దూరంగా పోయేదాన్ని. ఆవిడ పని మానలేదు. 2004లో స్టాన్‌ఫర్డ్‌లో చేరింది. వంగే తెర నుంచి ఇంకో అడుగు వేసి, సాగే చర్మం చెయ్యడం మీద పడింది. వేలు తాకితే తెలియాలి, సాగాలి, తెగితే తనంతట తనే అతుక్కోవాలి. మనకి పుట్టుకతో ఊరికే వచ్చిన మూడు గుణాలు. వాటి వెంట ఎన్నేళ్ళు తిరిగిందో తరవాతి రోజు చెప్పింది అమ్మాయి.

మొదటిది, తాకితే తెలియడం. ఉత్త రబ్బరు పొరని రెండు ఎలక్ట్రోడ్ల మధ్య పెట్టి నొక్కితే, పొర పలచబడిన కొద్దీ అందులో నిలవుండే చార్జి మారుతుంది. ఆ మార్పుని కొలిస్తే ఎంత నొక్కామో తెలుస్తుంది. కానీ ఉత్త రబ్బరు బిర్రుగా ఉంటుంది, చిన్న తాకిడికి లొంగదు. మా పాత దూది పరుపు గుర్తొచ్చింది. బాగా దట్టించి కుడితే కూచున్నా గుంట పడదు. 2010లో వీళ్ళేం చేశారంటే, సిలికాన్ మీద కంటికి కనపడనంత చిన్న గుంటల అచ్చు చేసి, దాని మీద రబ్బరు పోసి ఊడదీశారు. పొరంతా బుల్లి బుల్లి పిరమిడ్లు వచ్చాయి. మధ్యలో గాలి ఉంటుంది కాబట్టి పిరమిడ్ కొనలు ఇట్టే అణుగుతాయి, వదిలితే ఇట్టే లేస్తాయి. 20 మిల్లీగ్రాముల ఈగ వాలినా దానికి తెలిసిందట. అత్తయ్య తన కట్టు కట్టిన కాలి వంక చూసుకున్నారు. "ఈగ వాలినా తెలుస్తుందా!" అన్నారు. ఆ మాటతో నేను పాకం సంగతి మరిచిపోయాను, ఆ వాయి ముదిరిపోయింది.

రెండోది సాగడం. కార్బన్ నానోట్యూబులని ఉంటాయట, కార్బన్ అణువులు గొట్టంలా చుట్టుకున్న పోగులు. నానోమీటరంటే మిల్లీమీటరులో పది లక్షలో వంతు. ఒక్కో గొట్టం మందం ఒకటో రెండో నానోమీటర్లు. మన వెంట్రుక దాని ముందు తాటి దూలం. 2011లో వీటిని రబ్బరు పొర మీద పిచికారీ చేసి, ఒకసారి సాగదీసి వదిలారు. పోగులన్నీ స్ప్రింగుల్లా ముడుచుకున్నాయి. ఆ తరవాత ఎటు లాగినా స్ప్రింగు విచ్చుకుంటుంది తప్ప తెగదు, కరెంటు పోతూనే ఉంటుంది. జడకి వేసుకునే రబ్బరు బ్యాండు మీద గుడ్డ కుచ్చు కుచ్చుగా ఉంటుంది చూడండి, అలా. గుడ్డ సాగదు, కుచ్చు విచ్చుకుంటుంది. ఈ పోలిక నేను చెప్పిందే. "అమ్మా, ఇది నేను ఇంటర్వ్యూలో వాడుకుంటా" అంది. అప్పటికి నాతో పూర్తిగా మాటలు కలిశాయి, నేనే గమనించలేదు.

కరెంటు నడిపే ప్లాస్టిక్ మాత్రం సాగదీస్తే చిట్లిపోయేది. 2017లో దానికొక కిటుకు దొరికింది. ఆ ప్లాస్టిక్‌ని రబ్బరు లోపల నానోమీటర్ల మందాన పోగుల వలలా ఉంచితే, రెట్టింపు పొడవు లాగినా చిట్లలేదు, కరెంటు మోయడంలోనూ తగ్గలేదు. పదార్థం అదే, సన్నబడితే స్వభావం మారింది. మరుసటి ఏడాదికి చదరపు సెంటీమీటరుకి 347 సాగే ట్రాన్సిస్టర్లు పెట్టగలిగారు.

మూడోది అతుక్కోవడం. చపాతీ పిండి ముద్దని రెండు చేసి మళ్ళీ నొక్కితే అతుక్కుంటుంది కదా, అలాంటి గుణమున్న పాలిమర్‌లో నికెల్ రేణువులు కలిపారు, కరెంటు పోవడానికి. 2012లో దాన్ని బ్లేడుతో కోసి, రెండు ముక్కలూ ఆనించి పట్టుకుంటే, 15 సెకన్లలో కరెంటు నూటికి 90 వంతులు తిరిగి వచ్చింది. పది నిమిషాల్లో ముందున్నంత గట్టిగా అయిపోయింది. వేడి అక్కర్లేదు, జిగురు అక్కర్లేదు.

వినడానికి ఇంత సులువుగా ఉంది గానీ, ఏళ్ళు లెక్కపెట్టుకోండి. 2004లో చేరింది. 2015లో ఆ పొర నొక్కిడిని నరం భాషలోకి మార్చగలిగింది. మన నరం కబురుని టక్ టక్‌మని తడితడిగా పంపుతుందట. గట్టిగా నొక్కితే టక్కులు దగ్గర దగ్గరగా పడతాయి. వీళ్ళ పొర అలాగే టక్కులు పంపితే, ప్రయోగశాలలో ఉంచిన ఎలుక మెదడు కణాలు వాటిని అందుకున్నాయి. 2023లో 5 వోల్టులతో నడిచే మెత్తటి చర్మం చేశారు. దాన్ని నొక్కితే ఆ కబురు ఎలుక మెదడుకి వెళ్ళి, ఎలుక కాలు కదిలింది. పందొమ్మిదేళ్ళు!

నేను అదే అన్నాను. "పందొమ్మిదేళ్ళకి ఎలుక కాలు కదిలిందా? మరి మీ నానమ్మ కాలికి ఎప్పుడొస్తుందే?"

అది నా వంక కాదు, నానమ్మ వంక చూసింది. "నానమ్మకి రాదమ్మా" అంది. అబద్ధం చెప్పలేదు, నాలాగా. "నానమ్మకి చర్మం బాగానే ఉంది. కబురు మోసే నరాలే దెబ్బతిన్నాయి. ఈ చర్మం ముందు పనికొచ్చేది చెయ్యో కాలో పోయి పెట్టుడువి పెట్టుకున్నవాళ్ళకి. కాకపోతే చెప్పు లోపల ఇలాంటి పొర వేసి, ఎక్కడ ఒత్తిడి ఎక్కువ పడుతోందో, ఎక్కడ వేడెక్కుతోందో బయటికి చెప్పేలా చెయ్యొచ్చు. అలాంటివాటి మీద చాలామంది పనిచేస్తున్నారు." మరి ఆవిడ చేసినవేవీ మనుషుల దాకా రాలేదా అంటే, వస్తున్నాయంది. ఆ పిరమిడ్ల పొరే ఆధారంగా, పురిటి బిడ్డలకి రక్తనాళంలో సూది గుచ్చకుండా బీపీ చూసే చిన్న పట్టీ చేసే కంపెనీ పెట్టిందట, ఇంకొందరితో కలిసి. నెలలు తక్కువగా పుట్టిన మా పెద్దమ్మాయి కొడుకుని అద్దాల పెట్టెలో సూదులతో చూసిన చేతులు నావి. నేనేం మాట్లాడలేదు.

2016లో డాక్టర్లనీ ఇంజనీర్లనీ కంపెనీలనీ ఒకచోట చేర్చే ఈవేర్ అనే కేంద్రం మొదలుపెట్టింది. 2017లో సైన్సులో స్త్రీలకిచ్చే లోరియాల్-యునెస్కో అవార్డు వచ్చింది. 2018 నుంచి 2022 దాకా ఆ కెమికల్ ఇంజనీరింగ్ శాఖకే పెద్ద. "పిల్లలా ఆవిడకి? మరి ఇల్లెవరు చూసుకున్నారు?" అన్నాను. "మగ ప్రొఫెసరైతే అడిగేదానివా?" అంది. అడిగేదాన్ని కాదు. కానీ మీలో ఎంతమంది అడక్కుండా ఉండగలరో చెప్పండి.

కనుమ రాత్రి అందరూ పడుకున్నాక అత్తయ్య కాలు చూస్తున్నాను. అద్దం కింద పెట్టి, టార్చి వేసి. వేళ్ళ మధ్య నొక్కి "తెలుస్తోందా అత్తయ్యా?" అన్నాను, అలవాటుగా. "లేదమ్మా" అన్నారు. కాసేపాగి, "నీ చెయ్యి తెలియదు గానీ, నువ్వు చూస్తున్నావని తెలుస్తుందిలే" అన్నారు. తరవాత గొంతు తగ్గించి, "పిల్లని పంపవే. నాకు రాకపోతే పోయింది, ఇంకెవరి కాలికో వస్తుంది. బావగారమ్మ తల్లి కూడా ఇలాగే లెక్కలు వేసుకుని ఉంటే..." అని ఆపేశారు.

లెక్కలు వెయ్యకుండా ఎలా ఉంటాం చెప్పండి? మావారూ నేనూ కూర్చుని వేసుకున్నాం. ఫెలోషిప్పు మొదటి రెండేళ్ళు నెలకి 37,000, తరవాత 42,000. హాస్టలు, మెస్సు పోను కాస్త మిగులుతుంది, దాని ఖర్చు మన మీద పడదు. కానీ అప్పు తీర్చడానికి దాని జీతం రాదు. రిటైర్మెంటు డబ్బుతో మేడ మీద వెయ్యాలనుకున్న రెండు గదులు వెయ్యం, అప్పు కట్టేస్తాం. మావారు కాగితం మీద ఆ గదుల అంకె కొట్టేసి, కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. మావారికి ఆ గదుల మీద చాలా ఆశ ఉండేది. అది ఖర్చే. ఖర్చు లేదని నేను చెప్పను.

మర్నాడు పిన్నికి ఫోన్ చేసి నిజం చెప్పాను, నేను వాళ్ళతో అబద్ధమాడానని కూడా. ఆ అబ్బాయి తల్లికి కూడా నేనే చేశాను. ఆవిడ మర్యాదస్తురాలు. "ముందే చెబితే బాగుండేదండీ. చదువయ్యేటప్పటికి ముప్పై వచ్చేస్తాయి, మేం ఆగలేం" అన్నారు. ఆ సంబంధం పోయింది. మే నెలలో ఆ అబ్బాయి పెళ్ళి శుభలేఖ పిన్ని వాట్సాప్‌లో పెట్టింది. నేను కాసేపు బాధపడ్డాను. కాదని ఎందుకు చెప్పడం? అబ్బాయి బాగుంటాడు. అదే నెలలో బెంగళూరులో మా అమ్మాయి ఇంటర్వ్యూకి వెళ్ళింది. రిబ్బన్ కుచ్చు ఉదాహరణ చెప్పిందట. వాళ్ళు నవ్వారట, సీటిచ్చారు.

పోయిన ఆగస్టులో చేరింది. ఇప్పటిదాకా అది చేసిన పొరలన్నీ చిట్లిపోతూనే ఉన్నాయి. ఒక వారం పదార్థం సరిగ్గా కరగలేదంటుంది, ఒక వారం ఓవెన్‌లో మాడిందంటుంది. ఒకసారి ఫోన్లో ఏడ్చింది కూడా. నాకేం సలహా చెప్పాలో తోచక, "ముదురు పాకంతో ఎన్ని వాయిలు పారబోశానో నీకు తెలుసుగా" అన్నాను. ముక్కు చీదుతూ నవ్వింది.

ఆదివారం సాయంత్రం దాని ఫోను వస్తుంది. ముందు నానమ్మకే ఇవ్వాలి. ఆ కాలి పుండు మానడానికి రెండున్నర నెలలు పట్టింది. ఇప్పుడక్కడ కొత్త చర్మం నునుపుగా, గులాబీ రంగులో ఉంది, అయినా తాకితే తెలియదు. అత్తయ్య ఫోను చెవికి ఆనించుకుని, క్షేమ సమాచారాలు కూడా అడక్కుండా మొదలుపెడతారు. "ఏమే, ఈ వారం పగిలిందా, అతికిందా?"

అవతల నుంచి ఏదో జవాబు వస్తుంది. ఆవిడ నా వైపు తిరిగి, "పగిలిందట. మళ్ళీ రేపు చేస్తుందట" అని నాకు చేరవేస్తారు. నేను కింద పీట వేసుకుని, అద్దం, టార్చి తీసుకుని ఆవిడ కాలు ఒళ్ళో పెట్టుకుంటాను.